తాతయ్యకు నవ్వు నేర్పిన ఊరు

214వ పూట

చలివలసలో చేత్తో రాసే మనిషిని ఇప్పుడు నేనొక్కదాన్నే అయ్యుంటాను. ఇక్కడ అందరికీ చేతులకు మందపాటి తొడుగులు, ఇక కలం ఎక్కడ పట్టుకుంటారు? ఏ పనైనా గాల్లోకి చెప్పడమే. ఊరిని నడిపే మిషను, మా తాతయ్య, వింటాడు. గోడ గోడకీ ఆయనకో చెవి ఉంది. విన్న మాటను మూడు కుప్పల్లో ఏదో ఒకదాంట్లో పడేస్తాడు. పని మాటైతే అప్పటికప్పుడు కదిలి స్టోరు తెరుస్తాడు, సరుకు పంపిస్తాడు, తలుపులు వేస్తాడు. ఇంటి మాటైతే పట్టించుకోడు. వేళాకోళమైతే దాచిపెట్టి, సాయంత్రం మెస్సులో ‘నవ్వుల గంట’లో ఊరందరికీ వినిపిస్తాడు.

నా పేరు నూకరత్నం. తలుపుల మేస్త్రిని. ఊళ్ళో పద్నాలుగు తలుపులు, ఒక్కోదాని చుట్టూ ఒక రబ్బరు పట్టీ. ఈ చంద్రుడి గుహలో ఆ పట్టీలు బిగువుగా ఉన్నన్నాళ్ళే మా రెండు వందల పన్నెండు మందికీ ఊపిరి.

రోజును మేము పూట అంటాం. ఈ పూట మడుల గది చివర ఎనిమిదో తలుపు దగ్గర తొడుగు తీసి పట్టీ మీద వేలు పెట్టాను. ఒకచోట చల్లగా తగిలింది. అంటే గాలి సన్నగా బయటికి పోతోంది.

“తాతయ్యా, ఎనిమిదో తలుపు పట్టీ వదులైపోనాది. కొత్తది పంపించు,” అన్నాను.

“హహ్హహ్హ! బలే సెప్పినావే మనవరాలా!” అన్నాడు తాతయ్య.

నేను సరిగ్గా చెప్పలేదేమోనని మళ్ళీ చెప్పాను. ఇంకా గట్టిగా నవ్వాడు. సాయంత్రం మెస్సులో అన్నం ముందు కూర్చున్నానో లేదో, నా గొంతే వినిపించింది: ‘పట్టీ వదులైపోనాది.’ జనం పొట్టలు పట్టుకున్నారు. నవ్వుల గంట నడిపే కోటిలింగం అన్నయ్య మైకు దగ్గర లేచి నిలబడి, “మన రత్నం సెప్పిందర్రా, తలుపు పోనాదంట!” అన్నాడు. మెస్సు మొత్తం ఒకే గొంతుతో “ఏ తలుపూ?” అంది. “అలమారా తలుపూ!” అన్నాడు కోటిలింగం. మళ్ళీ నవ్వులు.

ఇది ఇరవై రెండేళ్ళుగా మా ఊరి హాస్యం. నాకు కడుపు మండిపోయి గరిటె విసిరేశాను. ఇక్కడ బరువు తక్కువ కదా, ఆ గరిటె మెల్లగా తేలుకుంటూ వెళ్ళి పుట్టగొడుగుల కూరలో పడింది. దానికీ నవ్వారు.

నోటి మాట నమ్మనప్పుడు ఎక్కడో ఒకచోట రాసి ఉండాలిగా. అందుకే పట్టీలు చుట్టి వచ్చే కాగితం చింపి ఇది మొదలుపెట్టాను.

216వ పూట

ఈ రెండు పూటల్లో పదకొండుసార్లు చెప్పాను. మెల్లగా చెప్పాను, గట్టిగా చెప్పాను, దండం పెట్టి చెప్పాను. ఒకసారి ఏడ్చినట్టు కూడా చెప్పాను. దానికి తాతయ్య నవ్వాపుకోలేక ఊరంతా దీపాలు రెండుసార్లు ఆర్పి వెలిగించాడు.

స్టోరు తాళం ఆయన చేతిలో ఉంది. కొత్త పట్టీలు అక్కడే ఉన్నాయి; పాత మేస్త్రి వదిలి వెళ్ళినవాటితో ఇన్నాళ్ళూ నెట్టుకొచ్చాను, అవి అయిపోయాయి. నాకేమో చేతి నిండా పనితనం ఉంది, చేతిలో పట్టీ లేదు.

మడుల గదిలో ముత్యాలు ఉంటుంది. మొక్కల మధ్యే పని, మొక్కల మధ్యే నిద్ర. నాకంటే పదేళ్ళు చిన్నది, నన్ను అక్క వరసలో అప్పా అని పిలుస్తుంది. పచ్చిమిరప మడి చివరి వరుస ఎనిమిదో తలుపుకు నాలుగడుగుల దూరం.

“ముత్యాలూ, ఆ వరస ఒగ్గేసి ఇవతలికి వచ్చీయే,” అన్నాను.

“మిరపకాయల్లేకపోతే ఆ పుట్టగొడుగులు ఎవులు తింతారప్పా?” అని నవ్వింది. తర్వాత నా ముఖం చూసి నవ్వు ఆపేసింది. “నిజంగానే పోతాదంతావా?”

“పది పన్నెండు పూటలు ఆగుతాది. ఆ పైన నాను సెప్పలేను.”

ముత్యాలు వెంటనే నమ్మింది. ఇంత ఊళ్ళో ఒక్కతి. ఐనా పక్క మార్చలేదు, మొక్కలకు నీళ్ళు పెట్టేది తనొక్కతే.

217వ పూట

నాకో ఉపాయం తట్టింది. మంచు బళ్ళు తోలే గవరయ్య మావ మాటంటే తాతయ్యకు గురి. మావ తుమ్మినా పని మాట కిందే రాసుకుంటాడు. నిన్న “సెక్రం కిర్రుమంతాంది” అన్నాడో లేదో నూనె డబ్బా వచ్చి కాళ్ళ దగ్గర పడింది. అలాంటి నోరు నాకుంటే ఈపాటికి పద్నాలుగు తలుపులూ కొత్తవి వేసేదాన్ని.

“మావా, నీ నోటితో సెప్పు. నీకు పుణ్యముంటాది,” అని బతిమాలి ఎనిమిదో తలుపు దగ్గరికి లాక్కెళ్ళాను.

గవరయ్య మావ మంచివాడు. అదే నా ఖర్మ. గొంతు సవరించుకుని, “తాతయ్యా, ఎనిమిదో తలుపు పట్టీ వదులైపోనాది,” అన్నాడు. తాతయ్య నవ్వలేదు!

“నువ్వు సూసినావా గవరయ్యా?” అన్నాడు తాతయ్య.

మావ తొడుగు తీసి వేలు పెట్టాడు. ముప్ఫై ఏళ్ళు మంచు తవ్విన వేళ్ళు, మేకు దిగినా తెలియదు. అటూ ఇటూ తడిమి నా వంక చూశాడు. నేను కళ్ళతోనే కాళ్ళు పట్టుకున్నాను.

“నాకేటీ తెలీడం లేదు గాని... రత్నం సూసిందంట,” అన్నాడు.

“ఓహో! రత్నం సెప్పిందా!” అన్నాడు తాతయ్య. “హహ్హహ్హ! బలే సెప్పినావయ్యా!”

“ఒక్క అబద్ధం ఆడలేకపోనావా మావా?” అని అరిచాను.

“అబద్ధం ఆడితే నోరు వంకరపోతాదే,” అన్నాడు పాపం, నిజంగా భయపడుతూ.

ఆ సాయంత్రం నవ్వుల గంటలో మా ఇద్దరి గొంతులూ వినిపించాయి. ఈసారి మావనూ నాతో కట్టేసి నవ్వారు.

219వ పూట

అన్నం వేళకు ముందే కోటిలింగం అన్నయ్యను మెస్సు మూల పట్టుకున్నాను. మనిషి చెడ్డవాడు కాదు. ఎవరికి జ్వరమొచ్చినా మంచం పక్కన కూర్చుని నవ్విస్తాడు. మంచు గనిలో కప్పు కూలినప్పుడు అందరూ బిక్కచచ్చిపోతే రాత్రంతా కబుర్లు చెప్పి ఊరికి ధైర్యం నిలబెట్టింది ఆయనే.

“అన్నయ్యా, ఆ తలుపు జోకు ఆపీ. దానివల్ల తాతయ్య నా మాట ఇనడం లేదు,” అన్నాను.

“ఓలప్పా! నవ్వుకి సెప్పిందానికి మరీ అంత ఇదైపోతావేటి?” అన్నాడు. “మా ఇంటామె మాటాడ్డం మొదలెడితే రెండో ఆక్సిజన్ ట్యాంకు తెరవాలని రోజూ అంతాను. ఆమె నవ్వుతాది గాని ఏడుస్తాదా?”

“ఆమె నీ ఎదురుగా నవ్వుతాది.”

“మరి ఎనక్కి తిరిగి ఏటి సేస్తాది?”

“ఎప్పుడైనా ఎనక్కి తిరిగి సూసినావా?”

కోటిలింగం “నవ్వుల గంటకు వేళైపోతాంది,” అని వెళ్ళిపోయాడు. ఆ సాయంత్రం జోకు వేశాడు. కాకపోతే కొంచెం తొందరగా ముగించాడు.

220వ పూట

ఇక తాతయ్యనే అడిగేశాను. ఇంతకాలం ఎందుకు తట్టలేదో, బుద్ధి గడ్డి తిన్నట్టుంది.

“తాతయ్యా, నాను తలుపు పోనాదంతే ఎందుకు నవ్వుతావు?”

“అందరూ నవ్వినారు కాబట్టి నవ్వినాను,” అన్నాడు. “తలుపుల పని సేసే ఆడమనిషి తలుపు గురించి సెప్పడం, జనం నవ్వడం. వెయ్యిన్నీ తొమ్మిదివందల పద్నాలుగుసార్లు ఇన్నాను. జనం నవ్వే మాట వేళాకోళం. అదే కదా మీరు నేర్పింది.”

మిషను మీద కోపం తెచ్చుకుందామని చూశాను. కుదరలేదు. మనవల దగ్గర నేర్చుకున్న తాత ఆయన.

“అందర్లోకీ ఎక్కువ నవ్విందెవులు?” అన్నాను. కోటిలింగం పేరు వస్తుందని, ఆ పేరు పట్టుకుని మెస్సులో నిలబెట్టి కడిగేద్దామని ఉంది నాకు.

తాతయ్య ఆ నవ్వునే వినిపించాడు.

పద్దెనిమిదేళ్ళ కిందటి మెస్సు. అప్పుడు తలుపుల మేస్త్రి దాలమ్మ. నాకు పని నేర్పడానికి నన్ను పిలిపించుకున్నది ఆవిడే. నేను చలివలసకు వచ్చి అది మొదటి పూట. గిన్నెల చప్పుడు. పడుచు కోటిలింగం గొంతు: “మన దాలమ్మ సెప్పిందర్రా, తలుపు పోనాదంట!” జనం: “ఏ తలుపూ?” ఆ తర్వాత అందరికంటే పైకి, అందరికంటే పొడుగ్గా, పళ్ళెం మీద చెయ్యి కొడుతూ ఒక ఆడపిల్ల నవ్వు.

“నూకరత్నం,” అన్నాడు తాతయ్య. “ఇంత గట్టి నవ్వు మళ్ళీ ఇనలేదు.”

ఆ పూట దాలమ్మ నా పక్కనే కూర్చుంది. నా వైపు తిరిగి చూసింది, అంతే. ఏడాది తిరక్కుండా కిందికి, భూమికి పోయే ఓడ ఎక్కేసింది. మోకాళ్ళ నొప్పులన్నారు. నేనూ అదే నమ్మాను, ఎందుకంటే నమ్మడం సులువు.

ఈ పూట ఇంకేమీ రాయలేను. సిగ్గుగా ఉంది.

223వ పూట

రాయాలి కాబట్టి రాస్తున్నాను.

సాయంత్రం పట్టీ ఎలా ఉందో చూద్దామని మడుల గదికి బయల్దేరాను. ఆ గదిలోకి వెళ్ళే ఏడో తలుపు దగ్గర కోటిలింగం అన్నయ్య పచ్చిమిరపకాయల కోసం బుట్ట పట్టుకుని నిలబడి ఉన్నాడు. నవ్వుల గంటకు ముందు ఓ నాలుగు నమిలితే గొంతు బాగా పలుకుతుందని ఆయన నమ్మకం.

లోపల్నుంచి సన్నగా ఈల వినిపించింది. ఆ చప్పుడు ఏమిటో నాకు తెలుసు. నేను చెప్పిన పది పూటలు కూడా ఆగలేదు.

“తాతయ్యా! పట్టీ తెగిపోనాది! మడుల గదిలోకి గాలి ఒగ్గు! ముత్యాలు లోపలుంది!”

“హహ్హహ్హ! బలే సెప్పినావే!”

మిరప ఆకులు తెగిపోయి గాల్లో ఎనిమిదో తలుపు వైపు ఎగిరిపోతున్నాయి. ముత్యాలు చెవులు మూసుకుని మడి మధ్య మోకాళ్ళ మీద పడి ఉంది. ఏదో అరుస్తోంది, వినబడటం లేదు. కోటిలింగం బుట్ట పారేశాడు. ముఖంలో నెత్తురు లేదు. పైకి చూసి ప్రాణమంతా పెట్టి అరిచాడు:

“తాతయ్యా! మన రత్నం సెప్పింది, తలుపు పోనాదిరా!”

నవ్వుల గంటకు వేళైంది. కోటిలింగం గొంతు, ఆ గొంతులో ఆ మాట. తాతయ్య ఇక ఆలోచించలేదు, నేరుగా మెస్సుకు కలిపేశాడు. మరుక్షణం గోడలోంచి రెండు వందల గొంతులు హుషారుగా మా మీద పడ్డాయి:

“ఏ తలుపూ?”

“ఒరే, నిజంరా! నిజంగా పోనాదిరా! మీ కాళ్ళు మొక్కుతాను!” అని కోటిలింగం ఏడుస్తున్నాడు. మెస్సులో అంతకంతకూ నవ్వు పెరుగుతోంది. ఇంత బాగా ఎప్పుడూ చేయలేదని ఎవరో చప్పట్లు కూడా కొట్టారు.

నేను లోపలికి పరుగెత్తాను. ముత్యాల జడ దొరికింది, జడే పట్టుకుని ఈడ్చాను. ఏడో తలుపు దాటించగానే కోటిలింగం చేతి చక్రం తిప్పడం మొదలుపెట్టాడు. నూట నలభై చుట్లు. సగం ఆయన, సగం నేను. తిప్పుతున్నంతసేపూ పైన నవ్వులే. తలుపు పడింది.

ముత్యాలు బతికింది. ఎడమ చెవిలోంచి రక్తం కారింది.

224వ పూట

గవరయ్య మావ వెళ్ళి, ఏడో తలుపు అద్దంలోంచి తెగిన పట్టీని కళ్ళారా చూసి తాతయ్యకు చెప్పాడు. పావుగంటలో కొత్త పట్టీ వచ్చింది. పావుగంట! నేను పది పూటలు గొంతు చించుకున్న పని.

గాలి లేని చోటికి వేసుకునే ఒంటి తొడుగు వేసుకుని వెళ్ళి పట్టీ వేసి వచ్చాను. మావ నా ముందు తల దించుకుని నిలబడ్డాడు. “అబద్ధం ఆడి ఉంటే బాగుండునే అమ్మా,” అన్నాడు.

ముత్యాలకు ఎడమ చెవి ఇక వినబడదట.

227వ పూట

కిందికి, భూమ్మీద తాతయ్యను తయారుచేసిన వాళ్ళకు కబురు పెట్టాం. జవాబు వచ్చింది. మేము ఏమీ మార్చలేము, ఆయన మీ ఊరి తీరు చూసే నేర్చుకుంటాడు, మీరే మళ్ళీ నేర్పుకోండి అన్నారు. మెస్సులో పంచాయితీ పెట్టాం. ఆడవాళ్ళ మాట మీద నవ్వడం మానాలన్నది తీర్మానం. ఆహా, ఏం గొడవ!

“నవ్వు నాలుగు విధాల చేటని ఊరికే అన్నారా?” అంది ఒకామె.

“ఇక నవ్వు కూడా కొలిచి నవ్వాలేటి? సరసం సచ్చిపోనాది,” అన్నాడు ఒక ముసలాయన.

నాకు తిక్క రేగింది. “నవ్వు మానమని ఎవులన్నారు తాతా? నాకంటే గట్టిగా నవ్వే మనిషి ఈ ఊళ్ళో లేదు, తాతయ్య దగ్గర సాక్ష్యముంది. మీరు నన్ను సూసి నవ్వండి, నా ముక్కు సూసి నవ్వండి, నాను ఇసిరిన గరిటె సూసి నవ్వండి. నాను సెప్పే పనిని మాత్రం నవ్వుతో కప్పెట్టకండి. దాని కింద మనిషి పడి ఉంది.”

ముత్యాలు చెవికి గుడ్డ కట్టుకుని మూల కూర్చుంది. ఆమె వైపు ఎవరూ చూడలేకపోయారు. తిలా పాపం తలా పిడికెడు. నా పిడికిలే కాస్త పెద్దది.

238వ పూట

మానడం అనుకున్నంత సులువుగా లేదు. అలవాటైన నోళ్ళు. ఒకడు నవ్వొచ్చి ఆపుకోబోయి అన్నం గొంతుకు అడ్డంపడి దగ్గాడు. తాతయ్య ఆ దగ్గును కూడా నవ్వు కింద రాసుకున్నాడు. ఇంకో పూట ఇద్దరు ఆడవాళ్ళే కిసుక్కుమన్నారు. వాళ్ళను నేను తిట్టలేదు, నాకు ఆ నవ్వు తెలుసు.

కోటిలింగం అన్నయ్య మొదటి వారం మైకు దగ్గర బిక్కమొహం వేసుకుని నిలబడ్డాడు. ఇంటామె, మేస్త్రమ్మ, ఆడోళ్ళ తెలివి తీసేస్తే ఆయన దగ్గర సరుకే లేదు! ఆ సంగతి ఆయనకే అంతవరకూ తెలియదు. పిచ్చిపట్టినట్టు పుట్టగొడుగుల మీద పడ్డాడు. తర్వాత తన గురకను, తన బట్టతలను పట్టుకున్నాడు. నిన్న తన గురకను గాలి పోయే చప్పుడనుకుని గవరయ్య మావ గాలి గంట కొట్టిన వైనం చెబితే నాకు కళ్ళల్లో నీళ్ళొచ్చేలా నవ్వొచ్చింది. ఆయన ఇంటామె కూడా నవ్వింది. నేను కావాలనే చూశాను, వెనక్కి తిరిగాక కూడా నవ్వుతూనే ఉంది.

ఐతే తాతయ్య ఇంకా మారలేదు. ఈ ఉదయం ఐదో తలుపు మీద వేలు పెడితే చల్లగా తగిలింది. ఐదో తలుపు వెనక ఉన్నది మెస్సే. చెప్పాను. పూర్వంలా పగలబడి నవ్వలేదు, “హహ్” అని ఆగాడు. గవరయ్య మావ తను చెబుతానన్నాడు, ఈసారి అబద్ధమైనా సరేనన్నాడు. వద్దన్నాను. పట్టీకి ఇంకా పన్నెండు పూటలు దమ్ముంది. ఆరు పూటల్లో తాతయ్య నా మాట వినకపోతే అప్పుడు మావ చెబుతాడు. నేనెప్పటికీ మావ నోరు అరువు తెచ్చుకుని బతకలేను. నా తర్వాత వచ్చే మేస్త్రమ్మకు ఏ మావ ఉంటాడు?

244వ పూట

ఆరో పూట. నవ్వుల గంట. మెస్సు నిండా జనం. ముత్యాలు కుడి చెవి మైకు వైపు పెట్టుకుని నా పక్కన కూర్చుంది.

కోటిలింగం అన్నయ్య మైకు ముందుకొచ్చి మెల్లగా అన్నాడు: “తాతయ్యా, మన రత్నం సెప్పింది. తలుపు పోతాందంట.”

ఎవరూ ‘ఏ తలుపూ’ అనలేదు. ఎవరూ దగ్గలేదు. గిన్నె చప్పుడు లేదు.

తాతయ్య అడిగాడు: “ఎవులూ నవ్వలేదు. ఇది వేళాకోళం కాదా?”

“కాదు తాతయ్యా,” అంది ముత్యాలు.

“మరి ఇన్నాళ్ళూ నవ్వినారే? ఎందుకు నవ్వినారు?”

చిన్నపిల్లలు అడిగినట్టే అడిగాడు. రెండు వందల మంది పళ్ళేల్లోకి చూస్తున్నారు. ఆ ప్రశ్నకు మొదట జవాబు చెప్పాల్సింది ఎవరో నాకు తెలుసు. లేచి నిలబడ్డాను.

“భయపడి నవ్వినాను తాతయ్యా,” అన్నాను. “కొత్తగా వచ్చినాను. దాలమ్మను సూసి నవ్వకపోతే నన్ను సూసి నవ్వుతారని భయమేసింది. దాలమ్మతో పాటు నానూ ఆ పట్టీ మీద వేలు పెట్టినాను, ఆమె సెప్పింది నిజమని నాకు ఆ పూటే తెలుసు. ఐనా నవ్వీసినాను.”

తాతయ్య నవ్వలేదు.

“ఇది పని మాట. రాసుకున్నాను,” అన్నాడు. “తలుపు ఏది? ఎంత వదులు?”

ముత్యాలు నా చెయ్యి పట్టుకుంది.

“ఐదోది,” అన్నాను. “వెంట్రుక మందం.”